పరుపులన్నీ అయిపోయాక

ఆ ఏడాది మార్చిలో వాన పడుతుందని మా ఊళ్ళో ఎవరూ అనుకోలేదు. పర్చూరుకు దగ్గర్లో, నల్లరేగడి చేల మధ్య ఉంటుంది మా ఊరు. తారు రోడ్డు పక్కన మిరపకాయ ఆరబోసుకునే కల్లాలు వరసగా ఉంటాయి. కోసిన కాయను అక్కడ నేల మీద పరిచి, రోజూ తిరగేస్తూ, గలగలమనేదాకా ఎండబెట్టాలి. నా కల్లం అన్నిటికంటే చివరిది. ఆ మధ్యాహ్నం కూలీలు అన్నాలకు ఊళ్ళోకి వెళ్ళారు. నేను ఒక్కదాన్నే ఉన్నాను.

ఒక్కదాన్నే ఉండటం నాకు అప్పటికి కొత్త కాదు. నా భర్త పోయి చాలా ఏళ్ళయింది. సాయంత్రం పొలం నుంచి వచ్చి, కాళ్ళు కడుక్కుని, మంచం మీద కూర్చున్న మనిషి అలాగే వెనక్కి వాలిపోయాడు. మంచినీళ్ళు తెచ్చేలోపు అయిపోయింది. ఆ తర్వాత కూతుర్ని చదివించాను, పెళ్ళి చేశాను. అది హైదరాబాదులో ఉద్యోగం చేసుకుంటోంది. పొలం నేనే చేయిస్తున్నాను. నలభై ఏడేళ్ళకు నా బతుకులో జరగాల్సినవన్నీ జరిగిపోయాయని, ఇక మిగిలినవి పనులేనని అనుకునేదాన్ని. అలా అనుకున్నందుకు బాధ కూడా ఉండేది కాదు. పొద్దుగూకితే గేటు వేసుకున్నట్టు వేసుకున్నానంతే.

పడమటి వైపు నుంచి ముందు గాలి వచ్చింది. చల్లగాలి, తడివాసనతో. లేచి చూస్తే మబ్బు నల్లగా, కిందికి దిగి ఉంది. నా దగ్గర కాయ మీద కప్పే బరకాలు రెండు ఉన్నాయి. ఒకటి ఎలాగో లాగి ఒక వైపు రాళ్ళు పెట్టాను. రెండో వైపుకి వెళ్ళేసరికి గాలికి మొదటి వైపు లేచిపోయింది. బరకం అంచు పట్టుకుని దాని వెంట నేనే కొట్టుకుపోయాను. చుట్టుపక్కల కల్లాల వాళ్ళు ఎవరి కాయ కోసం వాళ్ళు పరుగెత్తుతున్నారు. ఎవరిని పిలవను.

అప్పుడు రోడ్డు మీద ఒక ట్రాలీ ఆటో ఆగింది. అందులోంచి ఒకాయన దిగి, చెప్పులు అక్కడే వదిలేసి, కల్లంలోకి పరుగెత్తుకొచ్చాడు. నెరిసిన గడ్డం, సన్నటి మనిషి. నన్ను ఏమీ అడగలేదు. బరకం రెండో కొస పట్టుకుని, "మీరు అటు లాగండి, నేను తొక్కి పెడతా" అన్నాడు. ఇద్దరం లాగాం. రెండు బరకాలూ వేసినా ఒక మూల కాయ బయటే ఉండిపోయింది. ఆయన మళ్ళీ రోడ్డు మీదికి పరుగెత్తాడు. ఇంకో బరకం పట్టుకొచ్చాడు. అది ఎక్కడ నుంచి తెచ్చాడో ఆలోచించే తీరిక నాకు లేదు. కప్పి, రాళ్ళు పెట్టి, అంచుల మీద ఇద్దరం చెరొక వైపు కూర్చున్నాం. వాన దంచింది. మధ్యలో కాసేపు వడగళ్ళు కూడా పడ్డాయి. మధ్యలో మిరపకాయల గుట్ట, ఇటు నేను, అటు ముక్కూ మొహం తెలియని ఒక మనిషి, నెత్తిన చేతులు పెట్టుకుని.

వాన వెలిశాక లేచి చూశాను. కాయ ఒక్కటి తడవలేదు. అప్పుడు రోడ్డు మీద ఆటో కేసి చూశాను. ట్రాలీ నిండా దూది. దూది ఏకే మిషను మీదా, పక్కనా, బస్తాల్లోంచి బయటికొచ్చి ముద్దముద్దగా తడిసి నీళ్ళు కారుతోంది. దాని మీద కప్పి ఉన్న బరకమే తీసి నా కాయ మీద వేశాడాయన.

"అయ్యో, మీ దూదంతా తడిసిపోయిందండి" అన్నాను.

"దూది ఆరుద్దండి" అన్నాడు మొహం మీది నీళ్ళు తుడుచుకుంటూ. "కాయ తడిస్తే తాలైపోద్ది. తెల్లబడిపోయిన కాయ ఎవరు కొంటారు? ఏడాది కష్టం కదా."

అది ఎవరిదో వేరే ఊరివాళ్ళ పరుపు దూది. ఏకి, కొత్త గలీబులో కుట్టి ఇవ్వటానికి తీసుకెళ్తున్నాడు. ఆరబెట్టుకోవటానికి మా డాబా ఇస్తానన్నాను. ఆయన కాసేపు తటపటాయించి సరేనన్నాడు.

మర్నాడు పొద్దున వచ్చాడు. మా డాబా మీద పాత చీరలు పరిచి దాని మీద తడి దూది పల్చగా విప్పి వేశాడు. నేను కాఫీ పట్టుకెళ్ళాను. ఆయన చేతులు తుడుచుకుని గ్లాసు అందుకుంటూ, తమది చిలకలూరిపేట అనీ, దూదేకులవాళ్ళమనీ, తాతల నాటి నుంచీ ఇదే పని అనీ చెప్పాడు. తాత భుజాన దూది ఏకే విల్లు వేసుకుని ఊరూరా నడిచి తిరిగేవాడట. తండ్రి సైకిలు మీద. ఈయన ఆటో మీద మిషను బిగించుకున్నాడు. ఇంట్లో ఒక అక్క ఉంది. అక్క భర్త చిన్న వయసులో పోతే, ఆమె పిల్లలని ఈయనే పెంచాడు. ఆ పిల్లలు ఎదిగి, ఎవరి సంసారాలకి వాళ్ళు వెళ్ళిపోయారు.

"మరి మీరు పెళ్ళి చేసుకోలేదా?" అని అడిగాను. అడిగాక, ఎందుకు అడిగానా అనిపించింది.

"టైము కుదర్లేదండి. తర్వాత తర్వాత అనుకుంటా ఉంటే, అడిగేవాళ్ళు మానేశారు" అన్నాడు నవ్వుతూ.

మధ్యాహ్నం ఎండ బాగా ఉన్నప్పుడు డాబా మెట్ల కింద నిలబడి, "తిన్నారా?" అని పిలిచాను. సమాధానం రాలేదు. వినపడలేదేమోనని పైకి వెళ్ళాను. ఆయన దూది తిరగేస్తూ ఆగిపోయి ఉన్నాడు.

"మా అక్క కాక నన్ను ఆ మాట అడిగిన మనిషి మీరేనండి" అన్నాడు. జాలిపడమని చెప్పినట్టు లేదు. ఒక విశేషం చెప్పినట్టు చెప్పాడు. నేను కిందికి దిగొచ్చి ఆయనకి అన్నం వడ్డించాను.

ఆ దూది ఆరి, ఆయన వెళ్ళిపోయాక, నా పరుపు సంగతి గుర్తొచ్చింది. నా పెళ్ళినాటిది. బూరుగు దూది. గడ్డలు కట్టి రాయిలా అయిపోయింది. వారం తర్వాత ఆయన మా వీధిలోకి వచ్చినప్పుడు ఆపి చెప్పాను. "ఇది విప్పి ఏకండి. ఒక్క మనిషికి సరిపోయేట్టు చెయ్యండి చాలు. మిగతా దూదితో దిండ్లు కుట్టండి."

ఆయన పరుపు కొలతలు చూసి, "ఇద్దరి పరుపండి ఇది" అన్నాడు.

"ఉండేది ఒక్కదాన్నే కదండి."

ఆయన వాకిట్లో మిషను ఆన్ చేశాడు. నేను పుట్టింది పత్తి చేలలో. పత్తి తీశాను, గోనె బోరాల్లో తొక్కాను, పత్తి మీద పడుకుని నిద్రపోయాను. కానీ దూదిని అలా ఎన్నడూ చూడలేదు. ఒక వైపు నుంచి నల్లబడ్డ గడ్డలు లోపలికి వెళ్తున్నాయి. రెండో వైపు నుంచి పాలు పొంగినట్టు తెల్లగా, తేలిగ్గా, అంతకంతకూ లేచి వస్తోంది. ఎన్నేళ్ళ బరువు ఆ గడ్డల్లో ఉందో నాకు తెలుసు. అది గాల్లోకి లేస్తుంటే చూస్తూ గుమ్మంలో నిలబడిపోయాను. ఆయన గడ్డం నిండా, కనుబొమల మీద దూది. నా జుట్టు నిండా కూడా. పొయ్యి మీద పప్పు మాడిన వాసన వచ్చేదాకా కదల్లేదు.

దానికి సరుకూ శ్రమా ఎంతయిందో చెప్పి తీసుకున్నాడు. తర్వాత ఆటో ఎక్కుతూ, "ఇంకా రెండు వీధుల్లో చెప్పారండి పని. వచ్చే వారం వస్తా" అన్నాడు.

వచ్చాడు. ఆ పై వారం కూడా. ఆటో మీద ఒక మైకు ఉండేది. "పాత పరుపులు కొత్తగా ఏకి కుడతాం, దిండ్లు కుడతాం" అని ఆయన గొంతే రికార్డు చేసి పెట్టుకున్నాడు. ఆ మాట ఊరి మొదట్లో వినపడగానే నేను చేస్తున్న పని ఆపి తల దువ్వుకునేదాన్ని. అలా చేస్తున్నానని నాకే తెలియదు. వాకిట్లోకి వెళ్తే ఆగేవాడు. కాయ ఎట్టా ఉందండి అని అడిగేవాడు. మోకాలి నొప్పి తగ్గిందా అని అడిగేవాడు. నేను చెప్పింది వారం దాకా గుర్తు పెట్టుకుని ఆ మాట దగ్గర నుంచే మొదలుపెట్టేవాడు. నేను రోజంతా ఏం చేశానో వినే మనిషి ఒకరు ఉంటే, చేసిన పనులకు కూడా ఒక వెలుగు వస్తుందని నాకు అంతకుముందు తెలియదు.

ఇంకో సంగతి కూడా గమనించాను. ఊళ్ళో అందరూ నన్ను ఏదో ఒక వరస పెట్టి పిలుస్తారు. అక్కా అని, పిన్నీ అని, వదినా అని. పని మీద వచ్చేవాళ్ళు అమ్మా అంటారు. ఆయన ఏమీ అనేవాడు కాదు. 'అండి' దగ్గర ఆగిపోయేవాడు.

ఒకరోజు పక్కింటి ముసలమ్మ, నేను అత్తయ్యా అని పిలిచే ఆవిడ, అరుగు మీద కూర్చుని చింతపండు పిక్కలు తీస్తోంది. మైకు వినపడింది. ఆవిడ తలెత్తి, "ఊళ్ళో పరుపులన్నీ అయిపోయినయ్యి కదే కోడలా. దిండ్లు కూడా కుట్టాడు. ఈయన ఇంకా ఏం ఏకుదామని తిరుగుతున్నాడు?" అంది.

నాకు నవ్వు వచ్చింది. నవ్వుతూ లోపలికి వెళ్ళాను. వంటింట్లో గోడకు ఆనుకుని నిలబడ్డాక అర్థమైంది. నిజమే. పరుపులు అయిపోయాయి. ఆయన వస్తూనే ఉన్నాడు. నా కోసం. నన్ను చూడటానికి ఒక మనిషి డీజిలు పోయించుకుని, ఎండలో, అంత దూరం నుంచి వస్తున్నాడు. ఆ సంగతి నా ఒంట్లోకి దిగటానికి చాలాసేపు పట్టింది. చేతులు చూసుకున్నాను. మిరపకాయ ఘాటుకి పగిలిన చేతులు. వీటిని చూడటానికా, అనుకున్నాను.

ఆ తర్వాతి వారం మైకు వినపడలేదు. ఆ పై వారం కూడా లేదు. కాయ అమ్మేశాను. మే నెల ఎండలు ముదిరాయి. టీ కొట్టు దగ్గర ఇద్దరు ఆయన్ని ఆపి, "నీకు మా ఊళ్ళో పనేందయ్యా ఇంకా?" అని అడిగారని అత్తయ్యే నాకు చెప్పింది. వాళ్ళు గట్టిగానే అడిగారట. ఆయన తల దించుకుని ఆటో తిప్పుకుని వెళ్ళిపోయాడట.

కొన్నాళ్ళు ఓర్చుకున్నాను. అలవాటైన పనే కదా అనుకున్నాను. కానీ అది అలవాటు తప్పింది. ఎవరూ లేని ఇంట్లో ఇన్నేళ్ళు ఉన్నదాన్ని, అప్పుడు మాత్రం ఒకరు లేని ఇంట్లో ఉన్నాను. ఆ రెంటికీ ఎంత తేడా ఉందో చూసి నేనే ఆశ్చర్యపోయాను. ఒక పొద్దున మంచి చీర కట్టుకుని, ఎవరికీ చెప్పకుండా పేట బస్సెక్కాను.

దర్గా వెనక వీధి అని ఒకసారి మాటల్లో చెప్పి ఉన్నాడు. అడుగుతూ వెళ్ళాను. ఇంటి ముందు ఆటో నిలబెట్టి ఉంది, దాని మీద దుమ్ము. గుమ్మంలో ఒక పెద్దావిడ చాప వేసుకుని గలీబు కుడుతోంది. అచ్చం ఆయన కళ్ళే.

"ఎవరు కావాలమ్మా? పరుపు చేయించాలా?" అంది.

అవునని చెప్పటానికే వెళ్ళాను. దారంతా ఆ అబద్ధమే సిద్ధం చేసుకున్నాను. "లేదండి" అన్నాను.

ఆవిడ నన్ను కింద నుంచి పై దాకా చూసింది. సూది గుడ్డకు గుచ్చి పక్కన పెట్టింది. "మిరపకాయల ఊరి నుంచి వచ్చావా?"

"అవునండి."

"కూచో." చాప మీద జరిగి చోటిచ్చింది. "మీ ఊళ్ళో వాన పడిన కాడ్నించి మా వాడు మనిషి మారాడు. అన్నం తింటా తింటా నవ్వుతాడు. యాభై దాటిన మగాడు ఒక్కడే కూచుని నవ్వితే ఇంట్లో ఆడదానికి భయమెయ్యదా? ఏందిరా అంటే ఏం లేదక్కా అంటాడు. ఇప్పుడు నవ్వటం మానేశాడు. అది ఇంకా భయంగా ఉంది."

ఆవిడ లేచి మజ్జిగ తెచ్చింది. నేను తాగుతుండగా ఆయన వీధి మలుపు తిరిగి వచ్చాడు. శుక్రవారం, నమాజు నుంచి వస్తున్నాడు. తలకు టోపీ ఉంది. నన్ను చూసి నడిరోడ్డు మీద ఆగిపోయాడు.

"మీరెందుకొచ్చారండి, ఇంత ఎండన పడి" అన్నాడు దగ్గరికొచ్చి.

"మీరు రావట్లేదు కదా."

"మీకు మీ ఊళ్ళో మాట రాకూడదని."

"మా ఇంట్లో నాతో మాట్లాడే మనిషే లేడండి ఇన్నేళ్ళుగా" అన్నాను. "ఎవరో ఏదో అంటారని, ఉన్న ఒక్క మనిషిని కూడా పోగొట్టుకోమంటారా?"

నా గొంతు నాకే కొత్తగా వినపడింది. ఆయన అక్క కళ్ళు దించుకుని గలీబు మడతలు సర్దుతోంది. అక్కడితో ఆగిపోవచ్చు. ఆగలేదు. "మీకు ఇష్టమైతే మనం పెళ్ళి చేసుకుందామండి" అన్నాను. ఆ మాట అంటానని బస్సు ఎక్కేటప్పుడు నాకు తెలియదు. నా నోటి నుంచే వచ్చిందా అని నేనే చుట్టూ చూశాను.

ఆయన గుమ్మం మెట్టు మీద కూర్చుండిపోయాడు. టోపీ తీసి చేతిలో పట్టుకున్నాడు.

"ఏరా, అట్టా కూలబడ్డావేం?" అంది అక్క. "అడిగింది కదా. చెప్పు."

"ఏం చెప్పాలో తెలియట్లా అక్కా. నన్నెవరూ ఎప్పుడూ ఇట్టా అడగలా" అన్నాడు. చెంపల మీద నీళ్ళు కారుతుంటే తుడుచుకోలేదు. వీధిలో పోయేవాళ్ళు చూస్తూ పోయారు. చివరికి ఆయన తలెత్తి, "నాకు ఇష్టమేనండి" అన్నాడు. "ఆ వాన రోజు నుంచీ ఇష్టమే."

కూతురికి ఫోనులో చెప్పాను. "నేను వస్తున్నా" అని పెట్టేసింది. శనివారం పొద్దున్నే దిగింది. మతం గురించి అడుగుతుందనుకున్నాను. చుట్టాల గురించి అడుగుతుందనుకున్నాను. కాళ్ళయినా కడుక్కోకుండా మంచం మీద కూర్చుని, "రోజూ ఫోను చేస్తున్నాను కదమ్మా. ఎట్టా ఉన్నావంటే బాగానే ఉన్నానంటావు. ఒంటరిగా ఉందని నాతో ఒక్కసారి ఎందుకు చెప్పలేదు?" అంది.

"నాకూ తెలియదే" అన్నాను. "నిజంగానే తెలియదు. ఆయన వచ్చాకే తెలిసింది."

అది నా ఒళ్ళో తల పెట్టుకుని ఏడ్చింది. చిన్నప్పుడు కూడా అంత ఏడవలేదు. తర్వాత లేచి, గోడకున్న వాళ్ళ నాన్న ఫొటో చూసి, "మరి ఇది?" అంది.

"దానికేం. ఉన్నచోటే ఉంటుంది. ఆయన్ని అడిగాను. అది తీసేస్తే నేను రానండి అన్నాడు."

సాయంత్రం ఆయన వచ్చాడు. మా అమ్మాయి ఆయనతో ఒక్కతే మాట్లాడతానని చెప్పి, చేల గట్టు వెంట తీసుకెళ్ళింది. నేను వాకిట్లో నిలబడి చూస్తున్నాను. ఇద్దరూ దూరంగా నడుస్తూ, ఆగుతూ, మళ్ళీ నడుస్తూ. తిరిగొచ్చాక దాన్ని లోపలికి లాగి, "ఏమడిగావే?" అన్నాను.

"నిన్ను ఏమని పిలుస్తారు అని అడిగా."

"ఏమన్నాడు?"

"ఇంకా ఆలోచిస్తున్నానమ్మా అన్నారు" అని నవ్వింది. ఆ నవ్వుతో నా గుండె దిటవైంది.

రిజిస్ట్రారు ఆఫీసులో నోటీసు గడువు అయ్యాక సంతకాలు పెట్టాం. అటు ఆయన అక్క, ఇటు నా కూతురు, అల్లుడు. ఎవరి దేవుణ్ణి వాళ్ళు వదులుకోనక్కరలేదని ముందే అనుకున్నాం. నేను దీపం పెట్టుకుంటాను. ఆయన శుక్రవారం పేటకి వెళ్ళి, నమాజు చేసుకుని, అక్క దగ్గర భోంచేసి వస్తాడు. నా మరిది మాట్లాడటం మానేశాడు. ఇప్పటికీ మాట్లాడడు. రోడ్డు మీద ఎదురైతే మొహం తిప్పుకుంటాడు. అది బాధే. కూలీల్లో కొందరు ఆ సీజనుకి రాలేదు, పై సీజనుకి వచ్చారు. టీ కొట్టు దగ్గర ఆయన్ని ఆపిన ఇద్దరిలో ఒకడు కూతురి పెళ్ళికి పరుపు కుట్టించుకోవటానికి వచ్చాడు. ఆయన చాయ్ ఇచ్చి కూర్చోబెట్టి కొలతలు అడిగాడు.

నన్ను ఏమని పిలవాలో ఆయన ఎన్నాళ్ళు ఆలోచించినా తేలలేదు. చివరికి 'ఏవండీ' దగ్గర స్థిరపడ్డాడు. నేనూ అదే అంటాను. వంటింట్లోంచి నేను ఏవండీ అంటే, వాకిట్లోంచి ఆయన ఏవండీ అంటాడు. పక్కింటి అత్తయ్య అది విని, "మీ ఇద్దర్లో మొగుడెవరే?" అని పడీపడీ నవ్వుతుంది.

పోయిన ఏడాది కాయ అమ్మకాలు అయ్యాక ఇద్దరం అమరావతి వెళ్ళాం. నేను గుడిలోకి వెళ్ళి వచ్చేదాకా ఆయన కృష్ణ ఒడ్డున మెట్ల మీద కూర్చున్నాడు. తర్వాత ఇద్దరం బౌద్ధుల స్తూపం చూడటానికి వెళ్ళాం. పెద్ద గుండ్రటి దిబ్బ, చుట్టూ నిలబెట్టిన రాతి పలకలు. ఎండ వాలింది. జనం లేరు. వేల ఏళ్ళ కిందట ఎవరో ఇక్కడ ఉలి పట్టుకుని నిలబడ్డారంటే నాకు ఒళ్ళు ఝల్లుమంది. అంత కాలం, అందులో మా ఇద్దరికీ దొరికింది ఎంత చిన్న ముక్క. దొరకకుండా పోవటానికి ఎన్ని దారులుండేవి. ఆ మబ్బు ఇంకో గంట ఆగి పట్టి ఉంటే, ఆ రోజు ఆయన ఇంకో రోడ్డున వెళ్ళి ఉంటే. ఆ మాటే ఆయనతో అన్నాను.

"నేనూ రోజూ అదే అనుకుంటానండి" అన్నాడు. "పొద్దున లేచి మీరు కాఫీ కలుపుతుంటే చూసి, ఇది నా ఇల్లేనా అని ఇంకా అనిపిస్తది."

కాపలా ఆయన గేటు వేయటానికి వచ్చి, మమ్మల్ని చూసి, కాసేపు మాటలు కలిపాడు. ఏ ఊరు, పంటలు ఎట్టా ఉన్నాయి అని అడిగాడు. "పెళ్ళయి ఎన్నేళ్ళయిందండి మీకు? నలుపూ తెలుపూ కలిసిపోయిన జుట్లు, ఇద్దరికీ ఒక్క తీరే" అన్నాడు.

"మొన్ననేనండి" అన్నాడు ఆయన.

కాపలా ఆయన పెద్దగా నవ్వాడు. ఆ మాటను ఎవరైనా నమ్ముతారా. మేమూ నవ్వాం. గేటు దాటి నది వైపు నడిచాం. వీధిలో జనం, బండ్లు, పూల కొట్లు. నా చేయి ఆయన చేతిలో ఉంది. వెనక్కి తీసుకోవాలని ఇద్దరికీ తోచలేదు.